కొండ కింద టీచరమ్మ

ఈ సాయంత్రం కదిరి బస్టాండులో నేను ఒక అగ్నిపర్వతాన్ని చూశాను. అది తలకిందులుగా ఉంది. దాని నిండా వేయించిన చెనక్కాయలున్నాయి.

పాప చంకలో ఉంది. పాప ఎప్పుడూ నా చంకలోనే ఉంటుంది. ఏడాదిన్నర నిండినా ఇంకా నడవలేదు. డాక్టరు కాళ్ళు పట్టి చూసి, మోకాళ్ళు తట్టి చూసి ఏ లోపమూ లేదన్నాడు. "నేల మీద వదలండమ్మా, అదే నడుస్తుంది" అన్నాడు. మా అత్త ఆ మాటనే రోజూ తన పద్ధతిలో అంటుంది. "ఏమ్మే, కాళ్ళు నీకుండాయా, దానికుండాయా? దించు బిడ్డని." నాకూ దించాలనే ఉంటుంది. దించబోయేసరికి పెరట్లో చుట్టుగోడ లేని బావి కళ్ళముందుకొస్తుంది. పక్కింటి పిల్లవాడిని గడప దగ్గర కుట్టిన తేలు గుర్తొస్తుంది. మళ్ళీ ఎత్తుకుంటాను. మా ఆయన పాపకని తెచ్చిన ఎర్ర చెప్పులు తెచ్చినట్టే గూట్లో ఉన్నాయి. అడుగున మట్టి అంటలేదు.

బస్టాండులో గోనెపట్టా మీద కాయలు పోసుకుని కూర్చున్న అవ్వ ఆ అగ్నిపర్వతాన్నే కొలత గిన్నెగా పెట్టుకుని అమ్ముతోంది. నేను కాయలు చూడకుండా గిన్నెను చూస్తున్నానని ఆమె కనిపెట్టింది.

"ఏమమ్మా, కాయలు కొంటావా, గిన్నె కొంటావా?"

"ఒక్కసారి ఈ గిన్నె చూపియ్యవ్వా."

ఆమె నన్ను అదోలా చూసి, కాయలు పట్టా మీద కుమ్మరించి చేతికిచ్చింది. కాగితం గుజ్జుతో చేసిన గిన్నె. లోపలంతా నల్లగా మసి. అడుగున ఒక బొక్క, దాన్ని గుడ్డపీలికతో బిగించారు. బోర్లించి చూశాను. బొక్క చుట్టూ ఒకప్పటి ఎర్రరంగు ఇటుకపొడిలా వెలిసిపోయింది. పైనుంచి కిందికి బొటనవేలితో గీసిన చారలున్నాయి, అన్నీ ఒకే పక్కకు వాలి. నాది ఎడమచేతి వాటం. లావా పారిన దారులని గీసిన వేలు నాదే.

"ఇది యాడిదవ్వా?"

"మా తనకల్లులో ఒక అయివారమ్మ ఉండె. ఆయమ్మది. ఆయమ్మ పోయినాంక సామాన్లు తలా ఒకటి ఇచ్చినారు. లోపల మసి చూసి దీన్ని ఎవురూ ముట్టలేదు. నేను తెచ్చుకుంటి."

"పోయిందా?"

"పోయింది గదమ్మా, ఉగాదికి ముందర. నీకేమైతాది?"

మా టీచరమ్మ అన్నాను.

*

ఆమె అనంతపురంలో మాకు భూగోళం చెప్పింది. చెప్పేటప్పుడు కూర్చోగా ఎప్పుడూ చూడలేదు. ఆమె కుర్చీలో ఆమె గొడుగు కూర్చునేది. ఆమె గోడ మీది పటం దగ్గర్నుంచి కిటికీకి, కిటికీ నుంచి తలుపుకీ తిరుగుతూ ఉండేది. ఏదైనా ప్రశ్న అడిగితే ముందు కిటికీ దాకా పోయి, బయటికి చూసి, తిరిగొచ్చి అప్పుడు జవాబు చెప్పేది. కిటికీ బయట ఏమీ ఉండేది కాదు. ఎర్రనేల, దాని మీద వాన కోసం దున్ని ఆపిన చాళ్ళు.

కొత్తగా చేరిన పిల్లను ఆమె పేరు అడగదు. "పేరు తరవాత. ముందు మీ ఊరి కొండ యాదో చెప్పు" అంటుంది. గుత్తి నుంచి వచ్చిన పిల్ల గుత్తి కొండంది. పెనుకొండ పిల్లకు ఆలోచించే పనే లేదు. రాయదుర్గం పిల్ల, మడకశిర పిల్ల, అందరికీ ఒక్కో కొండ ఉంది. నావంతు వచ్చింది. మా ఇల్లు ఊరి నడిబొడ్డున, బజారు వెనక.

"మాకు కొండ లేదు టీచరమ్మా."

"అయ్యో" అంది. తల్లిలేని పిల్లను చూసినట్టు చూసింది.

ముడుత పర్వతాలు చెప్పవలసి వస్తే పైటకొంగు బల్లమీద పరిచి రెండు చేతులతో రెండు వైపుల నుంచీ నెట్టేది. మధ్యలో గుడ్డ ముడతలు పడి లేచేది. "ఇదీ హిమాలయం. అయిపోయిందనుకునేరు. ఇంకా లేస్తానే ఉండాది. కొండ కూచుండాది అంటారే, యాడ కూచుండాది? దానికి మాత్రం నిలకడ ఉండాదా?" కొంగు మళ్ళీ సరిచేసుకోవడం మరిచిపోయి ఆ ముడతలతోనే బడంతా తిరిగేది. మధ్యాహ్నానికి ఆమె భుజం మీద హిమాలయాలకు తోడు టిబెట్టు కూడా లేచేదని గుత్తి పిల్ల నవ్వేది.

అగ్నిపర్వతానికి ఆమె చెప్పే పోలిక సంగటి. ఎసట్లో రాగిపిండి పోశాక కుండ లోపల్నుంచి పుట్టుపుట్టుమని బుడగలు లేచి పగులుతాయి, చెయ్యి దగ్గర పెడితే ఎగిరి అంటుకుంటాయి. ఆమె మోచేతి కింద కాలిన మచ్చ ఒకటుండేది. రవికె చెయ్యి పైకి జరిపి "ఇదిగో లావా. చూసుకోండి" అని బెంచీల మధ్య తిరిగి అందరికీ చూపించేది. అది వానల్లేని ఏడు. చాలామంది పిల్లలు పొద్దున తిన్న ముద్దతోనే సాయంత్రం దాకా ఉండేవాళ్ళు. గుత్తి పిల్ల లేచి, "టీచరమ్మా, సంగటి మాట ఎత్తొద్దండి, కడుపులో కాలుతాండాది. వేరే పర్వతం చెప్పండి" అంది. టీచరమ్మ కిటికీ దాకా పోయి వచ్చి వింధ్య పర్వతాలు మొదలుపెట్టింది.

మన దేశపు నేలమీద పొగలు చిమ్మే అగ్నిపర్వతం లేదని, ఉన్న ఒక్కటీ అండమాన్ల దగ్గర సముద్రంలో ఉందని ఆమే చెప్పింది. బారెన్ ద్వీపం. బంజరు దీవి అని అర్థం. మనుషులు లేరు, ఊరు లేదు, అది కూడా నిద్రలో ఉంది.

"ఆడ వాన పడతాదా టీచరమ్మా?" అని పెనుకొండ పిల్ల అడిగింది.

"సముద్రం గదా. బాగా పడతాది."

"మనుషులే లేనిచోట వానెందుకు? ఇట్లా పంపొచ్చు గదా!"

టీచరమ్మ పకపకా నవ్వింది. నవ్వుతూ కూడా నడుస్తూనే ఉంది.

*

ఒక ఆదివారం మమ్మల్ని ఊరి బయట గుట్టకు తీసుకుపోయింది. పెద్ద పెద్ద గుండ్లు ఒకదానిమీద ఒకటి పేర్చినట్టుండే గుట్ట. బండ జారుతుందని చెప్పులు విప్పించింది. అందరం విప్పాం. ఆమె కూడా విప్పి, మొదటి గుండు మీద ఒక కాలు పెట్టింది. తీసేసింది. మళ్ళీ పెట్టింది. రాతిని రెండు చేతులతో పట్టుకుంది. ముఖమంతా చెమట పట్టింది.

"నాకు ఎత్తంటే కండ్లు తిరుగుతాయి" అంది, ఏదో వంట రాదని చెప్పినంత మామూలుగా. "మిద్దె మెట్లు కూడా గోడ పట్టుకోనే ఎక్కేది. మీరు పోండి. చెప్పులు నేను చూసుకుంటా."

గుత్తి పిల్లే అడిగింది. "మరి హిమాలయాలు, టీచరమ్మా?"

"అవి పుస్తకంలో ఉండాయి గదా. పుస్తకం నేలమీద పెట్టుకోని చదివినా."

మా చెప్పులన్నీ ఒడిలో వేసుకుని ఆమె గుట్ట కింద నడవడం మొదలుపెట్టింది. ఈ చివర నుంచి ఆ చివరకు, ఆ చివర నుంచి ఈ చివరకు. "పోండి, పోండి" అనేది. ఊపిరి తీసుకోకుండానే "మెల్లిగా!" అనేది. కొండల ఊళ్ళ పిల్లలు మేకల్లా ఎక్కిపోయారు. నేను సగంలో ఒక పెద్ద గుండుకు అతుక్కుపోయాను. పైకి పోలేను, దిగలేను. కిందికి చూశాను. ఆమె చెయ్యి నుదుటికి అడ్డం పెట్టుకుని నన్నే చూస్తోంది. దిగి రా అంటుందనుకున్నాను. ఆ మాట కోసమే చూస్తున్నాను. ఆమె పెదవులు కదిలాయి కూడా. ఆ మాటను మింగి, వేరే మాట అడిగింది.

"ఏం కనపడతాండాది?"

"ఏం లేదు టీచరమ్మా."

"సరిగ్గా చూడు."

"చెరువు కనపడతాండాది. ఎండిపోయింది."

"ఇంకొంచెం పైకి పోతే?"

ఒక గుండు ఎక్కాను. "రైలుకట్ట."

"ఇంకా?"

"ఏందో తెల్లగా ఉండాది. తెలీదు."

"తెలీకపోతే ఎట్లా? నాకు చెప్పాల గదా. ఇంకొంచెం పో."

అట్లా అడిగి అడిగి నన్ను పైదాకా ఎక్కించింది. ఆ తెల్లనిది ఏదో పల్లెలో సున్నం కొట్టిన మసీదు. పైనుంచి అందరం ఒకేసారి అరిచి చెప్పాం. మేము చెప్పిన ప్రతిదాన్నీ ఆమె కింద నడుస్తూ తనలో తాను మళ్ళీ అనుకుంటోంది. చెరువు, రైలుకట్ట, మసీదు, వంక, తాటిచెట్లు. దిగి వచ్చేసరికి ఆమె ఒడిలో మా చెప్పులన్నీ జతలు తప్పి కలిసిపోయి ఉన్నాయి. కంగారులో ఒక్కోదాన్నీ తీసి మళ్ళీ మళ్ళీ సర్దినట్టుంది. తోళ్ళు ఆమె చేతి చెమటకు తడిసి ఉన్నాయి.

ఇప్పుడు రాత్రి, పాప పడుకుంది. లాంతరు తగ్గించి ఇది రాస్తుంటే నా అరచేతులు చూసుకున్నాను. నావీ తడిగానే ఉన్నాయి.

*

ఏటికేడు పొడిగించే ఉద్యోగం ఆమెది. ట్రైనింగు కాలేదు. ఆ సంవత్సరం ఇన్‌స్పెక్టరమ్మ వచ్చి చూసి రాసేదాన్ని బట్టి ఖాయం చేస్తారు, లేకపోతే తీసేస్తారు. ఇంట్లో ముసలి తల్లి, ఈమె. తినేది ఈ జీతం మీదే. ఈ సంగతి బడిలో చిన్న పిల్లలకు కూడా తెలుసు.

ఇన్‌స్పెక్టరమ్మకు చూపడానికి దేశం మొత్తం పర్వతాలను చేయిద్దామనుకుంది. బడిలో పాత తలుపు ఒకటుంటే దానిమీద దేశపటం గీసింది. మా ఇళ్ళల్లో పాత కాగితాలు నానబెట్టి, మెంతులు కలిపి రోట్లో దంచి, ఆ గుజ్జును బోర్లించిన కుండమీద మెత్తి ఆరబెట్టి గంపలు చేసుకుంటారు. మెంతుల చేదుకు పురుగు పట్టదు. ఆ గుజ్జుతోనే పర్వతాలన్నాం. హిమాలయాలు, ఆరావళి, సాత్పురా, కనుమలు అన్నీ పుస్తకంలోని లెక్క ప్రకారం లేచాయి. ఎవరెస్టుకు బెత్తెడు ఇచ్చింది.

గుజ్జు ఇంకా మిగిలింది. గుత్తి పిల్ల, "మరి మాది?" అంది.

"పెట్టుకో" అంది టీచరమ్మ. "ఎక్కినప్పుడు నీకు ఎంత అనిపించిందో అంత పెట్టుకో."

అంతే. ఒకరు పెడితే ఇంకొకరు ఊరుకుంటారా? "మీ కొండ మా కోట వాకిలికి కూడా రాదు పోమ్మే" అని పెనుకొండ పిల్ల ఇంకో ముద్ద అద్దింది. "మీ కోటకి మా కొండ నీడ చాలు" అని రాయదుర్గం పిల్ల అద్దింది. మూడో రోజుకు ఎవరెస్టు బెత్తెడే ఉంది, గుత్తి కొండ జానెడైంది. దేశమంతా పల్లంలో ఉండి అనంతపురం జిల్లా ఒక్కటే ఆకాశంలోకి లేచింది.

నేను గుజ్జు చేతిలో పట్టుకుని నిలబడి ఉన్నాను. టీచరమ్మ నా పక్కన ఆగింది. "నీకు కొండ లేదు గదా. నువ్వు అగ్నిపర్వతం చెయ్యి. దానికీ ఎవురూ లేరు" అంది. తలుపు అండమాన్ల దాకా రాలేదు కాబట్టి దాన్ని విడిగా ఒక ముక్కాలిపీట మీద పెట్టాలి. మా ఇంటి సంగటికుండ మీద గుజ్జు మెత్తి, ఆరాక ఊడదీశాను. పైన బొక్క పెట్టాం. లోపల సాంబ్రాణి వేసిన నిప్పుల ప్రమిద పెడితే బొక్కలోంచి పొగ వచ్చింది. ఆ పొగ చూసి టీచరమ్మ ఆ రోజు బడిలో మొదటిసారి ఒకచోట నిలబడింది, కాసేపు.

ఇన్‌స్పెక్షను ముందురోజు హెడ్మిస్ట్రెసు వచ్చి చూసింది.

"ఇక్కడ ఈ మొటిమలేమిటి?"

"పిల్లోళ్ళ కొండలండీ."

"రేపు ఆవిడ వస్తున్నారు. నీ ఉద్యోగం ఉంటుందో ఊడుతుందో నీకు తెలుసు. సాయంత్రంలోగా వీటిని చెక్కేయించు."

ఆమె వెళ్ళిపోయాక టీచరమ్మ వంటకత్తి, చెంబుతో నీళ్ళు తెప్పించింది. తడిపితే గుజ్జు మెత్తబడుతుంది. మేము తలుపు చుట్టూ నిలబడ్డాం. ఎవరమూ వద్దనలేదు. ఎట్లా వద్దంటాం? గుత్తి పిల్ల మాత్రం గొంతు తగ్గించి బేరం పెట్టింది. "సగం కోయండి టీచరమ్మా. సగం సాలు."

టీచరమ్మ కత్తిని గుత్తి కొండ మొదట్లో ఆనించింది. తీసింది. తలుపు చుట్టూ ఒకసారి నడిచింది. పెనుకొండ దగ్గర ఆనించింది. తీసింది. మళ్ళీ నడిచింది. చివరికి కత్తి గొడుగు పక్కన కుర్చీలో పెట్టింది.

"ఎక్కినోళ్ళు మీరు. నేను కింద చెప్పులు కాచినదాన్ని. నేనెట్లా కోసేది?" అంది. చెంబులో నీళ్ళు తానే తాగేసింది.

ఇన్‌స్పెక్టరమ్మ కోస్తా నుంచి వచ్చిన మనిషి. నెమ్మదస్తురాలు. సాంబ్రాణి పొగ చూసి నవ్వింది, బాగుందంది. తర్వాత ఆమె వేలు తలుపు మీద దక్షిణానికి వచ్చి ఆగింది.

"ఎవరెస్టుని మించిన ఈ పర్వతం ఏమిటండీ?"

"గుత్తి కొండండీ."

"మీకు ఎత్తులు తెలియవా?"

"తెలుసండీ. ఎవరెస్టును ఎవురూ ఎక్కలేదు కాబట్టి పుస్తకంలో ఉన్నంతే పెట్టినాం. అంటే, ఈ పిల్లోళ్ళెవురూ. ఇవి వీళ్ళు ఎక్కినవి."

ఇన్‌స్పెక్టరమ్మ మా ముఖాలు చూసింది, కొండలు చూసింది. "ఎక్కడం వేరు, భూగోళం వేరు కదండీ" అంది. కోపంగా అనలేదు. తర్వాత నేనూ కాలేజీలో భూగోళం చదివాను. ఆమె అన్నదాంట్లో తప్పులేదు. టీచరమ్మ అన్నదాంట్లో తప్పెక్కడుందో మాత్రం ఇప్పటికీ పట్టుకోలేకపోతున్నాను.

సెలవుల తర్వాత ట్రైనింగు అయిన కొత్తావిడ వచ్చింది. మా టీచరమ్మకు దక్షిణాన ఎక్కడో, ఎవరూ పోనన్న పల్లె బడి ఒకటి దొరికిందన్నారు. ఆ ఊరి పేరు మాకెవరూ చెప్పలేదు. వెళ్ళేరోజు నా దగ్గరికొచ్చి, "నీ అగ్నిపర్వతం నాకిస్తావా? ఏమీ లేకపోతే కుండమూతకన్నా వస్తాది" అంది. గొడుగు ఒక చేతిలో, తల్లి చెయ్యి ఇంకో చేతిలో. పట్టుకునే వీలు లేక అగ్నిపర్వతాన్ని నెత్తిన బోర్లించుకుని బస్సుకు నడిచిపోయింది. వీధిలో జనం నవ్వారు. ఆమె కూడా నవ్వింది. మొదటి మలుపు దాకా ఆ ఎర్రని శిఖరం కనబడింది.

*

"ఆయమ్మ మా పిల్లోళ్ళని గుట్టెక్కించేది" అని బస్టాండులో అవ్వ చెబుతోంది. "తను మాత్రం కింద చెప్పులు పెట్టుకోని కూచుండేది. కూచుండేది యాడ! తిరగతానే ఉండేది. నా మనవరాలు పైన నిలబడి అరుస్తాంటే ఈయమ్మకి చెమట్లు. అంత బయముంటే ఎందుకమ్మా పంపేది అని అడిగినా ఒకసారి."

"ఏమనింది?"

"బయం నాది గదవ్వా, కొండ వాళ్ళది అనింది. ఏం మాటో ఏమో."

గిన్నె నాకు ఇమ్మన్నాను. అవ్వ ఇవ్వనంది. "ఈ గిన్నెకి నా బేరం అలవాటు పడినాది. వేరేదాంతో కొలిస్తే కాయలు తక్కవొచ్చినాయని కొట్లాటకొస్తారు." నా చేతిలో కొత్త వెదురుబుట్ట ఉంది, ఈ సాయంత్రమే కొన్నది. అది తీసుకోమన్నాను. తిప్పి తిప్పి చూసింది. "ఇది పెద్దది. నాకు నష్టం" అని గొణుక్కుంటూనే పక్కన పెట్టుకుంది. కాయలు మాత్రం కొలవకుండా నా కొంగులో ఒక దోసెడు పోసింది. "మీ అయివారమ్మ పేరు మీద తిను."

ఇంటికొచ్చి దాన్ని నట్టింట్లో బోర్లించాను. మళ్ళీ పర్వతమైంది. మా అత్త వంటింటి గడప మీద కూర్చుని చాటలో బియ్యం ఏరుతోంది.

"బుట్ట తెస్తానని పోయి ఇదేందే? కుంపటి మూతా?"

పెరటి తలుపు గడియ వేశాను. దీపం తెచ్చి మూలమూలా చూశాను. చాప దులిపాను. ఇంకా చూడవలసింది ఏదైనా ఉందేమోనని నిలబడ్డాను. ఏమీ లేదు. పాపను దించాను.

పాప ముందు ఏడ్చింది. చేతులు చాచింది. నేను గూట్లోంచి ఆ ఎర్ర చెప్పులు తీసి రెండు చేతుల్లో పట్టుకున్నాను, ఎత్తుకోవడానికి చేతులు ఖాళీ లేకుండా. ఈ గోడ నుంచి ఆ గోడకు నడిచాను. ఆ గోడ నుంచి ఈ గోడకు నడిచాను. పాప ఏడుపు ఆపి నన్ను చూసింది. తర్వాత పర్వతాన్ని చూసింది. పాకుతూ పోయి బొక్కలో వేలు పెట్టి గుడ్డపీలికను బయటికి లాగింది. శిఖరం మీద రెండు చేతులూ ఆనించి లేచింది. మోకాళ్ళు వణుకుతున్నాయి. ఒక చెయ్యి వదిలింది. కూలబడింది. నేను చెప్పులు ఇంకా గట్టిగా పట్టుకుని నడిచాను. పాప మళ్ళీ లేచింది. ఈసారి రెండు చేతులూ వదిలి, పర్వతం పక్కన దేన్నీ పట్టుకోకుండా నిలబడి గదిని ఇటూ అటూ చూసింది.

నేను నడుస్తూనే అడిగాను.

"ఏం కనపడతాండాది పాపా?"

గడప దగ్గర్నుంచి మా అత్త చాట ఆపకుండానే అంది. "నీ మొగమే కనపడతాండాది. పక్కకి జరుగు."

జరిగాను.